తిన్నావా అని అడిగాక ఇంకేం మాట్లాడాలి?

ఈ నెల వచ్చిన ఉత్తరాలన్నీ ముందేసుకుని కూర్చుంటే నాలుగు మాత్రం చేతిలోంచి కింద పెట్టబుద్ధి కాలేదు. ఒకరిది కవిటి వైపు, ఒకరిది చీపురుపల్లి వైపు, ఒక అబ్బాయిది రణస్థలం దగ్గర పల్లె గానీ ఇప్పుడుంటున్నది హైదరాబాద్‌లో, ఇంకొకరు విజయనగరం పెద్దావిడ. ఒకరి సంగతి ఒకరికి తెలియదు. నలుగురిదీ ఒకటే గోడు. మనిషి ఉన్నాడు, మాట లేదు. అందుకని ఈసారి పిల్లల చదువులు, అత్తాకోడళ్ళ తగువులు పక్కన పెట్టి పేజీ అంతా వీళ్ళకే ఇస్తున్నాను. ఊరూ పేరూ పట్టిచ్చే వివరాలు తీసేశాను, ఉత్తరాలు కొంచెం కుదించాను.

ప్రశ్న: అక్కా, మాది ఉద్దానంలో ఒక పల్లె. నాకు 33 ఏళ్ళు. 2018 అక్టోబరులో తిత్లీ తుపానుకి మా కొబ్బరి, జీడి చెట్లు సగానికి పైగా పడిపోయాయి. ఆ మరుసటేడు అప్పు చేసి మా ఆయన ఖతార్ వెళ్ళారు, పైప్ ఫిట్టర్ పని. రెండేళ్ళకోసారి రెండు నెలలు సెలవు మీద వస్తారు. ఇక్కడ నేను, ఇద్దరు పిల్లలు, అత్తగారు. రోజూ రాత్రి వీడియో కాల్ చేస్తారు. తిన్నావా అంటారు, తిన్నాను అంటాను. పిల్లలు పడుకున్నారా, పడుకున్నారు. డబ్బులు పడ్డాయా, పడ్డాయి. ఆ తర్వాత ఇద్దరం ఫోన్‌లో ఒకరి మొహం ఒకరం చూసుకుంటూ ఉండిపోతాం. ఆయన వెనకాల రూమ్‌లో నలుగురు మగాళ్ళు, నా వెనకాల అత్తగారు. ఫోన్ పెట్టేశాకే ఏడుపొస్తుంది, చెయ్యకపోతేనే బాగుండేది అనిపిస్తుంది. పోయినసారి వచ్చినప్పుడు ఒక పొద్దున పిల్లలకి ఆమ్లెట్ వేస్తానని వంటింట్లోకి వెళ్ళి, "ఉప్పు డబ్బా ఎక్కడుంది?" అని అడిగారు. ఆ వంటిల్లు ఆయన దగ్గరుండి కట్టించిందే. చుట్టాలింటికి వచ్చినట్టు అడిగేసరికి నాకు కాళ్ళలో సత్తువ పోయింది. ఎవరికైనా చెబుదామంటే "నీకేమమ్మా, రోజూ మొహం చూస్తున్నావు, చేపల వేటకెళ్ళి పాకిస్తాన్‌కి చిక్కిన వాళ్ళ పెళ్ళాలు ఎలా బతికారో, వాళ్ళకన్నా నయం కదా" అంటారు. నయమే అక్కా. కానీ బాధ బాధగానే ఉంది. ఇంక చాలు, వచ్చెయ్యమని అడగడం తప్పా?

జవాబు: తప్పు కాదు చెల్లీ. మిగతావన్నీ తర్వాత, ముందు ఈ మాట తీసుకో.

నయం కదా అన్న వాళ్ళకి నువ్వేం సమాధానం చెప్పలేకపోయావు, నేను చెబుతాను. 2018 నవంబరులో గుజరాత్ తీరం నుంచి వేటకెళ్ళి పాకిస్తాన్‌కి చిక్కిన మన వాళ్ళు 2020 జనవరిలో గానీ వాఘా దాటి ఇవతలికి రాలేదు. ఆ పదమూడు నెలల పైచిలుకూ మన తీరం పల్లెల్లో ఆ ఇళ్ళు ఎలా ఉన్నాయో ఈ జిల్లాలో అందరికీ తెలుసు. వాళ్ళ కష్టం చాలా పెద్దది. అలాగని దాన్ని తెచ్చి నీ కష్టం పక్కన నిలబెట్టి ఎత్తు కొలవడం వల్ల ఎవరికీ ఒరిగేది లేదు. ఆకలితో ఉన్న మనిషికి పక్క ఊళ్ళో కరువు గురించి చెబితే కడుపు నిండుతుందా?

మన వైపు మగవాళ్ళు ఊరు దాటి బతకడం ఈనాటిది కాదు. మా ముత్తాతల కాలంలో ఓడెక్కి రంగం వెళ్ళేవారు, అదే బర్మాలో రంగూన్. 1942లో జపాన్ వాళ్ళు అటు వచ్చి పడినప్పుడు అడవుల వెంట కాలినడకన తిరిగొచ్చిన వాళ్ళ కథలు మా చిన్నప్పుడు అరుగుల మీద వినేవాళ్ళం. ఆ తర్వాత ఖరగ్‌పూర్, టాటానగర్. ఇప్పుడు చెన్నై, హైదరాబాద్, గుజరాత్‌లో వేరావల్, గల్ఫ్. ఇన్ని తరాల ఆడవాళ్ళు ఇక్కడ గుమ్మంలో కూర్చుని ఎదురుచూశారు కదా, ఆ ఎదురుచూపుని నోటితో ఎలా చెప్పాలో మాత్రం ఎవరూ ఎవరికీ నేర్పలేదు. చెప్పడానికి మాట లేకనా? ఉంది. బెంగ. దాన్ని చిన్నపిల్లలకి వదిలేశాం. అమ్మమ్మ ఊరెళ్ళిపోయాక పిల్లాడికి ఒళ్ళు వెచ్చబడితే బెంగెట్టుకున్నాడు అంటాం, దిష్టి తీస్తాం, ఒళ్ళో వేసుకుని పడుకోబెడతాం. అదే మాట 33 ఏళ్ళ మనిషి అంటే ఏటి చిన్నపిల్లలాగ అని నవ్వుతారు.

మా నాన్న ఖరగ్‌పూర్ రైల్వే వర్క్‌షాప్‌లో పనిచేసేవారు. సంక్రాంతికి ఒకసారి, మా ఊరి అమ్మవారి సంబరానికి ఒకసారి వచ్చేవారు. అమ్మకి చదువు రాదు. నాకు తొమ్మిదో పదో ఏళ్ళు, ఉత్తరం రాసేది నేనే. దీపం ముందు నీలం రంగు ఇన్‌లాండ్ కవరు పరుచుకుని నేను కూర్చుంటే అమ్మ చింతపండు గింజలు తీస్తూ చెప్పేది. ఆవు ఈనింది, పెయ్య. పెంకులు రెండు జారాయి, తమ్ముడు సర్దాడు. గుమ్మడి పాదు పాక మీదికి ఎక్కింది, మూడు కాయలు దిగాయి. కవరు నిండిపోయి, మడత పెట్టే అంచు మీద కూడా రాసేసి, "ఇంకేటి రాయాలమ్మా" అని అడిగితే ప్రతిసారీ కాసేపు ఆగేది, గింజ తియ్యడం కూడా ఆపేసేది, అప్పుడు చెప్పేది. "గుంటడు నీ మీద బెంగెట్టుకున్నాడని రాయి." మా తమ్ముడేమో ఆ టైములో వీధిలో గోళీలాడుతూ ఉండేవాడు, వాడికి ఏ బెంగా లేదు. అబద్ధం ఎందుకు రాయిస్తోందో నాకు అర్థమయ్యేది కాదు, ఒకసారి అడిగితే మొట్టికాయ వేసింది. నాన్న జవాబులో చివరి వరస ఎప్పుడూ ఒకటే ఉండేది: "చిన్నోడికి బెంగ తగ్గిందా? నాను ఫలానా రోజు బండెక్కుతున్నానని చెప్పు." నాకు పెళ్ళయి, మా ఆయన ఆర్నెల్లు వేరే ఊళ్ళో పనిచేసినప్పుడు గానీ ఆ రెండు వాక్యాలూ ఎవరి మధ్య నడిచాయో తెలియలేదు.

అమ్మకి ఒక గుంటడు అడ్డం ఉన్నాడు, నీకు అదీ అక్కర్లేదు. నువ్వే చెప్పు. నీ మీద బెంగగా ఉంది అని. ఆ ఉప్పు డబ్బా సంగతి ఉందే, నాకు రాశావు గానీ ఆయనకి చెప్పావా? చెప్పలేదనే అనుకుంటున్నాను. నువ్వు అలా అడిగిన రోజు నాకు ఇలా అనిపించింది అని ఉన్నది ఉన్నట్టు చెప్పు. ఆయనకీ అడిగిన మరుక్షణం గుండెలో కలుక్కుమనే ఉంటుంది, తన ఇంట్లో తనకి ఉప్పు దొరక్కపోవడం ఏ మగవాడికైనా చిన్న సంగతేం కాదు.

వీడియో కాల్ దగ్గరికి వస్తాను. ఖతార్ మనకన్నా రెండున్నర గంటలు వెనక ఉంటుంది. ఆయన డ్యూటీ దిగి, స్నానం చేసి, వండుకుని ఫోన్ చేసేసరికి నీకు పది దాటుతుంది, ఇద్దరూ అలసిపోయి ఉంటారు, చుట్టూ మనుషులు. ఆ పది నిమిషాల మీదే సంసారం మొత్తం మోపితే అది మొయ్యదు. పగలు వాయిస్ మెసేజ్‌లు పెట్టు. అవి ఎవరి ముందూ వినక్కర్లేదు, ఆయన బస్సులో పనికి వెళ్తూ ఇయర్‌ఫోన్ పెట్టుకుని రెండుసార్లు వినొచ్చు. అందులో ఏం చెప్పాలంటావేమో, అమ్మ ఉత్తరంలో చెప్పినవే చెప్పు. జీడి పూత ఎలా ఉంది, పెద్దది స్కూల్లో ఏం గొడవ పెట్టుకొచ్చింది, డబ్బా ఏ అరలోకి మార్చావు, ఎందుకు మార్చావు. ఆయన్ని కూడా అడుగు. ఇవాళ ఏ వెల్డర్‌తో పనిచేశావు, రూమ్‌లో ఎవరు వండారు, కూరలో ఉప్పు సరిపోయిందా. తిన్నావా అంటే తిన్నాను అనే జవాబు వస్తుంది. ఎవరితో కూర్చుని తిన్నావు అంటే ఒక కథ వస్తుంది. శుక్రవారం ఆయనకి సెలవైతే ఆ మధ్యాహ్నం అరగంట నీదని అడిగి తీసుకో, ఫోన్ పట్టుకుని మేడ మీదికి వెళ్ళిపో.

అత్తగారి మీద నీకు కోపం ఉన్నట్టుంది, నువ్వు రాయకపోయినా తెలుస్తోంది. ఆవిడ నీ వెనకాల కూర్చుంటున్నది నీ మీద నిఘాకని అనుకోకు. ఆవిడకీ కొడుకు గొంతు వినాలని ఉంటుంది, నాకూ ఫోన్ ఇమ్మని అడగడానికి మొహమాటం. రోజూ ముందు ఐదు నిమిషాలు ఆవిడకే ఫోన్ ఇచ్చి నువ్వు లేచి పక్కకి వెళ్ళు. నాలుగు రోజులు అలా చేసి చూడు, ఆవిడే నీకు గది ఖాళీ చేస్తుంది.

ఇక వచ్చెయ్యమని అడగడం. అడుగు, కాకపోతే ఎప్పుడొస్తావు అనే ప్రశ్నగా వద్దు. దానికి ఆయన దగ్గర "చూద్దాం" తప్ప జవాబు ఉండదు, ఆ చూద్దాం నిన్ను ఇంకా దూరం తోసేస్తుంది. ఒక కాగితం తీసుకో. అసలు అప్పు ఎంత, వడ్డీ ఎంత, ఇప్పటికి కట్టింది ఎంత, పిల్లల ఫీజులు పోగా ఏడాదికి ఎంత తీరుతోంది, ఇద్దరూ ఒక శుక్రవారం కూర్చుని లెక్క రాయండి. కొత్తగా వేసుకున్న తోట ఎప్పటికి చేతికొస్తుందో అదీ రాయండి. లెక్క తేలితే తేదీ తేలుతుంది. రెండేళ్ళు అని తేలినా సరే, గోడ మీద క్యాలెండర్‌లో గుర్తు పెట్టుకున్న రెండేళ్ళు వేరు, ఎప్పటికో తెలియని ఏడాది వేరు.

ఇంకొకటి కూడా చెప్పాలి. మా నాన్న రిటైరై వచ్చేశాక మొదటి కొన్ని నెలలు ఇంట్లో ఇద్దరూ కొత్తవాళ్ళలాగే ఉండేవారు. ఆయన మంచినీళ్ళు కూడా అడిగి తాగేవారు, ఈవిడ తల మీద కొంగు సర్దుకుంటూ తెచ్చి ఇచ్చేది. ఒక సాయంత్రం నేను పుట్టింటికి వెళ్ళి ఉన్నాను. అమ్మ అరుగు మీద చింతపండు ముందేసుకుని కూర్చుని, ఎటో చూస్తూ, చెప్పడం మొదలుపెట్టింది. ఆవు పాలు తగ్గించింది, పక్కింటి వాళ్ళు బోరు వేయిస్తున్నారు, పాక మీద గుమ్మడి ఈసారి కాయలేదు. అచ్చం ఉత్తరం చెప్పినట్టే. నాన్న కదలకుండా విన్నారు. కాబట్టి వచ్చేసిన రోజే అన్నీ సర్దుకుంటాయని అనుకోకు, సర్దుకోకపోతే భయపడకు. ఈ వాయిస్ మెసేజ్‌ల అలవాటు ఆ రోజుకి కూడా పనికొస్తుంది.

ప్రశ్న: మేడమ్ గారికి నమస్కారం. నా వయసు 66. మాది చీపురుపల్లి దగ్గర గ్రామం. నాకు ఒక్కడే తమ్ముడు, నాకన్నా ఐదేళ్ళు చిన్న. ఉమ్మడి ఇల్లే, మధ్యలో గోడ పెట్టి పంచుకున్నాం. తొమ్మిదేళ్ళ కిందట 30 సెంట్ల భూమి, ఒక నుయ్యి దగ్గర మాటా మాటా పెరిగి అప్పట్నుంచి మాటల్లేవు. మా అమ్మ పోయినప్పుడు కూడా పెద్దకర్మ నాడు ఒకే వరసలో కూర్చుని భోంచేశాం, ఒకరి మొహం ఒకరం చూసుకోలేదు. ఇప్పుడు నా సమస్య ఏమిటంటే వాడు రాత్రుళ్ళు దగ్గుతున్నాడు. నెల పైనే అయింది. గోడ ఇవతల మంచం మీద నేను వింటూ ఉంటాను, వాడి దగ్గు ఆగేదాకా నాకు కన్ను మూతపడదు. వెళ్ళి అడగాలని ఉంది. వాడు మొహం తిప్పుకుంటే ఎలా? మా ఆవిడ, చిన్నవాడు వాడే రావాలి అంటుంది. పెద్దమనుషుల్ని పంపమని కొందరు అంటున్నారు. మీరేమంటారు?

జవాబు: అన్నయ్యగారూ, ఈ పేజీ మీ చేతికి వచ్చిన పూటే వెళ్ళండి. రేపటికి కూడా ఆగొద్దు, ఎందుకో కింద రాస్తాను.

రెండు వారాలకి మించి దగ్గు తగ్గకపోతే గళ్ళ పరీక్ష, అంటే కఫం పరీక్ష చేయించాలి. టీబీ ఉందో లేదో అందులో తేలుతుంది. ప్రభుత్వ ఆసుపత్రిలో ఆ పరీక్షకీ, ఒకవేళ జబ్బు ఉంటే మందులకీ పైసా తీసుకోరు, నెలల తరబడి మానకుండా వాడితే నయమయ్యే జబ్బు అది. టీబీ కాకపోవచ్చు, ఆస్తమా కావచ్చు, గుండెకి సంబంధించింది కావచ్చు, పొగ తాగే అలవాటుంటే అదీ కావచ్చు. ఏదైనా నెల పైన దగ్గుతున్న 61 ఏళ్ళ మనిషిని ఇంట్లో ఉంచకూడదు. ఇంట్లో వాళ్ళకి ఆ దగ్గు అలవాటైపోయి ఉంటుంది. గోడ ఇవతల నుంచి రోజులు లెక్కపెడుతున్నది మీరొక్కరే.

కాబట్టి మీకు వెళ్ళడానికి కారణం దొరికింది, అది సాకు కూడా కాదు, నిజం. వెళ్ళి భూమి మాట ఎత్తకండి. నుయ్యి మాట ఎత్తకండి. తప్పు నాదే అని గానీ, నీదే అని గానీ, అమ్మ ఉంటే ఏమనేదో అని గానీ, ఏదీ వద్దు. "రాత్రి దగ్గుతున్నావు, నాకు నిద్ర పట్టడం లేదు, పొద్దున్న ఆసుపత్రికి పోదాం, బండి నేను మాట్లాడతాను." ఇంతే. తొమ్మిదేళ్ళ తర్వాత మొదటి మాట ఇంతకన్నా పొడుగ్గా ఉంటే ఎక్కడో ఒక చోట పాత పుండు తగులుతుంది.

పెద్దమనుషుల్ని పంపొద్దు. వాళ్ళు వస్తే అది పంచాయితీ అవుతుంది, అరుగు మీద నలుగురి ముందు మళ్ళీ ఆ 30 సెంట్ల లెక్క బయటికొస్తుంది, మీ తమ్ముడు తన పక్షం తను మాట్లాడుకోవాల్సి వస్తుంది. భూమి సంగతి తేల్చుకోవాలంటే తర్వాత సర్వేయర్ ఉన్నాడు, కాగితాలున్నాయి, దాని దారి దానిది. చిన్నవాడే రావాలన్న మీ ఆవిడ మాట మర్యాద ప్రకారం సరైనదే. కానీ చిన్నప్పుడు వాడికి జ్వరమొస్తే మీరు వెళ్ళి చూశారా, వాడే లేచి మీ దగ్గరికి వచ్చాడా?

మొహం తిప్పుకుంటే ఎలా అన్నారు. తిప్పుకోవచ్చు, అది నేను కాదనలేను. ఆ రోజు మీకు చాలా కష్టంగా ఉంటుంది. అప్పుడు వాళ్ళావిడతోనో, పిల్లలతోనో పరీక్ష సంగతి చెప్పి వచ్చెయ్యండి, మూడో రోజు మళ్ళీ వెళ్ళండి. ఒక సంగతి ఆలోచించారో లేదో, ఆ గోడ మీకు ఎంత పల్చనో వాడికీ అంతే పల్చన. మీరు రాత్రుళ్ళు లేచి తిరగడం, మంచం కిర్రుమనడం, కుండలో నీళ్ళు ముంచుకోవడం వాడికీ వినబడుతూనే ఉంటుంది. అన్న మెలకువగా ఉన్నాడని వాడికి తెలుసు.

ఆసుపత్రికి వెళ్ళొచ్చాక నాకు ఒక ముక్క రాయండి. పత్రికలో వెయ్యను, నాకోసం.

ప్రశ్న: నేను హైదరాబాద్‌లో ఒక కంపెనీలో సపోర్ట్ జాబ్ చేస్తున్నా. వయసు 23. మాది రణస్థలం దగ్గర. వచ్చిన కొత్తలో రూమ్‌లో ఏదో మాటకి "ఏటి" అన్నా, "అలగేనా" అన్నా, నలుగురూ నవ్వారు, ఆ తర్వాత నన్ను పిలవడమే "ఏటి" అని పిలిచేవాళ్ళు. సరదాకే అంటారు, తెలుసు. కానీ అప్పట్నుంచి మాట తగ్గించేశాను. ఆఫీసు, రూమ్, ఫోన్. ఫోన్‌లో రాత్రి రెండింటి దాకా రీల్స్ చూస్తాను, నిద్ర రాదు. ఇన్‌స్టాలో 900 మంది ఉన్నారు, మాట్లాడాలంటే ఒక్కరూ లేరు. మొన్న అమ్మతో ఫోన్‌లో కూడా రూమ్‌లో వాళ్ళు వింటారని ఇక్కడి భాషలో మాట్లాడాను. అమ్మ కాసేపు ఊరుకుని, "ఏటి బాబూ, ఎవులో సారు మాటాడినట్టు మాటాడతన్నావు" అంది. ఆ మాట అన్న దగ్గర్నుంచి ఎలాగో ఉంది. ఇది సమస్యేనా అని కూడా తెలీదు.

జవాబు: సమస్యే బాబూ. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2025 జూన్‌లో ఇచ్చిన నివేదికలో ప్రతి ఆరుగురిలో ఒకరు ఒంటరితనంతో బాధపడుతున్నారని లెక్క చెప్పింది, కుర్రాళ్ళలో అది ఇంకా ఎక్కువగా ఉందని కూడా చెప్పింది. ముసలివాళ్ళ జబ్బు అనుకుంటాం గానీ నీ ఈడు పిల్లల నుంచే నాకు ఇలాంటి ఉత్తరాలు ఎక్కువ వస్తున్నాయి.

నీకు జరిగింది చిన్న విషయం కాదు. మనిషికి ఉన్న మాటని వెక్కిరిస్తే మాటతో పాటు మనిషి కూడా లోపలికి వెళ్ళిపోతాడు. నీ భాష ఏ ఊళ్ళో పుట్టిందో ఒకసారి గుర్తు చేస్తాను. పుస్తకాల్లో గ్రాంథికం తప్ప మరొకటి పనికిరాదన్న రోజుల్లో జనం మాట్లాడే తెలుగే రాయాలని జీవితమంతా పోట్లాడిన గిడుగు రామమూర్తి పంతులుగారు 1863 ఆగస్టు 29న పుట్టింది మన శ్రీకాకుళం జిల్లా పర్వతాలపేటలో. ఆ తేదీనే రాష్ట్రమంతా తెలుగు భాషా దినోత్సవం చేసుకుంటున్నారు. అడవిలో ఉండే సవరల మాటకి కూడా గౌరవం ఉందని, కూర్చుని వాళ్ళ భాష నేర్చుకుని నిఘంటువు కట్టిన మనిషి ఆయన. అలాంటి చోటు నుంచి వెళ్ళిన పిల్లాడు "ఏటి" అన్నందుకు తల దించుకుంటే నాకు కడుపు తరుక్కుపోతోంది.

రూమ్‌లో నలుగురిలో ఒకడైనా కొంచెం మెత్తగా ఉంటాడు. వాడు ఒంటరిగా దొరికినప్పుడు టీకి తీసుకెళ్ళి చెప్పు, అలా పిలిస్తే నాకు బాధగా ఉంది అని. నలుగురి ముందూ చెబితే అదీ జోక్ అయిపోతుంది, ఒక్కడికి చెబితే వాడు మిగతా ముగ్గురికీ చెబుతాడు. అలాగే నీ ఆఫీసులోనో, వీధి చివర టిఫిన్ బండి దగ్గరో మన వైపు వాళ్ళు ఉండకుండా ఉండరు. హైదరాబాద్‌లో అపార్ట్‌మెంట్లు కట్టిన కూలీల్లో, వాటికి వాచ్‌మన్లుగా ఉన్నవాళ్ళలో మన రెండు జిల్లాల వాళ్ళు ఎంతమందో. సాయంత్రం గేటు దగ్గర ఆగి "ఏ ఊరు బాబాయ్ మీది?" అని అడుగు. ఆయన ఊరు చెబుతాడు, నీది అడుగుతాడు, ఆ ఊళ్ళో ఎవరింట్లో వాళ్ళవని అడుగుతాడు, పది నిమిషాల్లో ఎక్కడో ఒక చుట్టరికం తేలుతుంది. 900 మందిలో దొరకనిది అక్కడ దొరుకుతుందని నేను గట్టిగా నమ్ముతున్నాను.

నిద్ర విషయం మాత్రం తేలిగ్గా తీసుకోకు. నిద్ర పట్టకపోవడం, అన్నం సహించకపోవడం, దేని మీదా ఆసక్తి లేకపోవడం రెండు వారాలు దాటితే, లేదా బతకాలని లేదు అన్న ఆలోచన ఒక్కసారి వచ్చినా సరే, 14416కి ఫోన్ చెయ్యి. అది టెలీ మానస్, ప్రభుత్వానిదే, డబ్బు కట్టక్కర్లేదు, రాత్రీ పగలూ ఉంటుంది, తెలుగులో మాట్లాడొచ్చు. అక్కడ నువ్వు ఏ యాసలో మాట్లాడినా నవ్వేవాళ్ళు ఉండరు.

అమ్మకి ఫోన్ చెయ్యి. రూమ్ వద్దు, మెట్లు దిగి వీధిలోకి వెళ్ళు. ఏటి సేస్తన్నావమ్మా అని మొదలుపెట్టు, మిగతాది ఆవిడ చూసుకుంటుంది.

చివరిది ఉత్తరం కూడా కాదు, పోస్టు కార్డు. విజయనగరం నుంచి 74 ఏళ్ళ పెద్దావిడ రాశారు. కూతురు అమెరికాలో ఉందట, ఆదివారం ఫోన్ చేస్తుందట, ఫోన్‌లో తనకి మాట తోచదట, వినబడదు కూడా. "మనవరాలికి పదేళ్ళు. దానికి ఉత్తరం రాయాలని ఉంది. కానీ దానికి తెలుగు చదవడం రాదు. రాయనా, మాననా?" ఇంతే అడిగారు.

రాయండి పిన్నిగారూ. చదవడం రాకపోవడమే మంచిదైంది. ఆ పిల్ల ఉత్తరం పట్టుకుని వాళ్ళమ్మ దగ్గరికి వెళ్తుంది, వాళ్ళమ్మ పని ఆపి కూర్చుని చదివి వినిపించాలి, అప్పుడు మీ ఉత్తరం ఇద్దరూ వింటారు. మీ అమ్మాయి మీ చేతిరాత చూసి ఎన్నాళ్ళయిందో. పోస్టాఫీసులో విదేశాలకి అని చెబితే కవరు తూకం వేసి ఎంత స్టాంపు అంటించాలో వాళ్ళే చెబుతారు. చేరడానికి వారాలు పడుతుంది, ఆదుర్దా పడకండి. పైడితల్లి సిరిమాను ఈసారి ఎక్కడ నిలబడి చూశారు, సిరిమాను ఎక్కిన పూజారి మీద జనం అరటిపళ్ళు ఎలా విసిరారు, మీ పెరట్లో ఏం పూసింది, అవి రాయండి. పెద్ద అక్షరాలు, చిన్న వాక్యాలు. కింద దాని మీద బెంగగా ఉందని కూడా రాయండి, ఆ ఒక్క మాట మాత్రం మీ అమ్మాయి దానికి ఇంగ్లీషులో ఎలా చెప్పాలో తెలియక కాసేపు ఆగుతుంది. ఆగనివ్వండి.